దస్తావేజు మీద ఊపిరి గుర్తులు

ఆమె పోయిందన్న కబురు గఫార్ భాయ్ ఫోన్‌కు వచ్చింది. పంపినవాడు ఆమె పాడేటప్పుడు పక్కన పియానో వాయించేవాడట. గఫార్ ఆ నాలుగు వాక్యాలూ చదివి వినిపించడానికి బస్టాండు దగ్గరి తన లాడ్జి నుంచి నా బల్ల దాకా నడిచి వచ్చాడు. నేను కళ్లద్దాలు తుడుచుకుంటూ మొట్టమొదట అడిగిన మాట ఇది:

"ఇప్పుడు మనకెందుకు చెప్తున్నడు? ఏం గావాలట?"

గఫార్ కాసేపు నా ముఖంలోకి చూశాడు. "ఏం వద్దట రైటర్ సాబ్. పోయిందని చెప్పిండు, గంతే."

నలభై ఏళ్లుగా బాన్సువాడలో దస్తావేజులు రాస్తున్నాను. అమ్మేవాడి కళ్లు ఎటు చూస్తున్నాయి, కొనేవాడికి తొందరెందుకు, సాక్షి సంతకానికి వచ్చినవాడు ఎవరి బండి మీద వచ్చాడు, ఇవన్నీ చూసుకున్నాకే కలం మూత తీసే అలవాటు. గుడిలో ప్రసాదం పెట్టినా ముందూ వెనకా చూసి నోట్లో వేసుకుంటానని మా ఇంటావిడ దెప్పుతుంది. దెప్పితే దెప్పనీ. నా అనుమానం వల్ల ఈ చుట్టుపక్కల ఎంతమంది భూములు నిలబడ్డాయో నాకు తెలుసు. అదే అనుమానం వల్ల ఒకరికి ఏం దక్కకుండా పోయిందో కూడా తెలుసు కాబట్టి ఇది రాస్తున్నాను.

ఆమె పేరు రాయను. ఒకసారి ఒక కాగితం మీద రాశాను, అది చాలు. బజారులో అందరూ పాట మేడం అనేవాళ్లు. హాలండ్ దేశంలో కచేరీలు చేసే గాయని. సినిమా పాటలు కావు, నాటకాలూ కావు, వేషం వేయడమనేది ఉండదు. అక్కడి శాస్త్రీయ సంగీతం. నల్ల గౌను తొడుక్కుని, వాద్యకారుల ముందు నిలబడి పాడటమే ఆమె పని. ముప్పై ఏళ్లు అదే పని చేసిందట. నాకు ఇవన్నీ మెల్లగా తెలిసిన సంగతులు.

మూడేళ్ల కిందట, యాసంగి వడ్లు రోడ్ల మీద ఆరబోసిన రోజుల్లో, ఒకనాడు మధ్యాహ్నం నేను బల్ల సర్దుకుంటుండగా ఒకామె వచ్చి ఎదురుగా నిలబడింది. యాభై దగ్గరపడ్డ మనిషి. చామనఛాయ, వెడల్పాటి నుదురు, కొద్దిగా ముందుకొచ్చిన గడ్డం. బీర్కూర్ బస్సు దిగి వచ్చిన ఏ పటేలు ఇంటి ఆడపడుచో అనుకున్నాను. ప్యాంటూ చొక్కా వేసుకుంది గానీ ఇప్పుడు అవి ఎవరు వేసుకోవడం లేదు? మెడకు మాత్రం దళసరి గుడ్డ ఒకటి చుట్టుకుంది. అంత ఎండలో మెడ కప్పుకున్న మనిషిని చూడగానే నాకు తేడాగా అనిపించింది.

"నమస్తే. నేను ఒక కాగితం చూపించాలె," అంది.

ఆ 'చూపించాలె' అచ్చం మా ఊరి 'చూపించాలె'. కూసో అక్కా, ఏ ఊరు, ఎవల పాలు, పాసుబుక్కు ఉన్నదా అని నేను అందుకున్నాను. ఆమె నవ్వుతూ అలాగే నిలబడింది. ఇంతలో గఫార్ భాయ్ రొప్పుతూ వచ్చాడు. అతను దుబాయిలో ఒక హోటల్లో పదిహేనేళ్లు పనిచేసి, తిరిగొచ్చి ఇక్కడ లాడ్జి పెట్టుకున్న మనిషి. ఇంగ్లీషు బాగా మాట్లాడతాడు. ఆమె అతని లాడ్జిలోనే దిగింది.

"గామెకు తెలుగు రాదు రైటర్ సాబ్. పది మాటలు నేర్చుకొని వచ్చింది, అంతే."

"రానామె ఇంత సాఫ్‌గ ఎట్ల మాట్లాడుతది?"

గఫార్ ఆమెను అడిగి చెప్పాడు. పాటగాళ్ల పద్ధతే అదట. ఒకనాడు జర్మన్ పాట పాడాలి, ఇంకోనాడు లాటిన్, మరోనాడు రష్యన్. ఆ భాషలన్నీ నేర్చుకుంటూ కూర్చుంటే జన్మ చాలదు. అందుకని ప్రతి మాటనూ చెవితో పట్టుకుని, నాలుక ఎక్కడ తగలాలి, పెదవులు ఎంత తెరవాలి అని కాగితం మీద గుర్తులు పెట్టుకుని, ఆ దేశంవాళ్లే తమ మనిషి అనుకునేంత సాఫీగా పలుకుతారట. వాళ్ల ఊరి దవాఖానలో కామారెడ్డి వైపు నర్సు ఒకామె పనిచేస్తుందట. ఆమె దగ్గర పది వాక్యాలు అలా పట్టుకొచ్చింది.

నేను నమ్మలేదు. ళకార ణకారాలు మా దగ్గర చదువుకున్నవాళ్లకే సరిగ్గా తిరగవు. ఆమెకు తిరుగుతున్నాయి. భాష వచ్చి కూడా రానట్టు నటిస్తోందని ఆ నిమిషమే తేల్చేశాను. బజారంతా రెండు రోజుల్లో అదే తేల్చేసింది. మతంలో కలపడానికొచ్చిందని కొందరు, ఏదో కంపెనీ తరఫున చెరుకు భూములు చూడటానికొచ్చిందని కొందరు. మిర్చి బజ్జీల బండి పక్కనుంచి పోయేటప్పుడు ఆమె ముక్కూ నోరూ కప్పుకుని రోడ్డు దాటి అవతలికి వెళ్లేది. ఆ పొగ గొంతుకు పడదని గఫార్ చెప్పినా బండి అతను వినలేదు. మన తిండంటే అసయ్యమని అందరికీ చెప్పుకున్నాడు.

ఆమె చూపించిన కాగితం గురించి మాత్రం నేను అబద్ధం చెప్పను. మా ఊళ్లో ఒకప్పుడు ఒక చిన్న కాన్పుల దవాఖాన ఉండేది, మూతపడి చాలా కాలమైంది. అందులోని రిజిస్టరు పేజీ నకలు అది. ఆడశిశువు, తల్లి పేరు, బీర్కూర్ దగ్గరి ఊరు పేరు. దానికి జతగా దత్తతకు పంపిన కాగితం. రాత చూశాను, ముద్ర చూశాను, వెలుతురుకు పట్టి చూశాను. నిఖార్సైన కాగితం. ఆ శిశువే ఈమె. నెలల గుడ్డుగా ఉన్నప్పుడు హాలండ్‌కు పోయింది. కాగితంలోని తల్లి బతికే ఉంది. ఆమె నాకు తెలుసు, ఆమె ఇల్లు తెలుసు, ఆమె మేనల్లుడు గంగారాం నా దగ్గరే కాగితాలు రాయించుకుంటాడు.

పాట మేడం నన్ను అడిగింది ఒక్కటే. ఈ ఊరు ఎటు, ఈ మనిషి ఉందా అని.

"తెలుసుకొని చెప్పాలె. పాత ముచ్చట, టైం పడుతది," అన్నాను, అన్నీ తెలిసి.

సాయంత్రం గంగారాంకు ఫోన్ చేసి పిలిపించాను. తండ్రి నోట అతను విన్న ఆ అవ్వ కథ ఇది. కడుపుతో ఉండగానే భర్త పోయాడు. ఆమె అన్న, అంటే గంగారాం తండ్రి, పుట్టింటికి తెచ్చుకున్నాడు. ఇంకో పెళ్లి చేద్దామని ఆయన ఆలోచన. బిడ్డ ఉంటే ఎవరు చేసుకుంటారు? కాన్పు కాగానే బిడ్డ దక్కలేదని చెల్లెలికి చెప్పి, దవాఖానవాళ్లకు అప్పగించాడు. తీరా ఆ పెళ్లి కుదరనే లేదు. భర్త వైపు నుంచి వచ్చిన అయిదెకరాలు ఆమె పేరున ఉన్నాయి, గంగారాం సాగు చేసుకుంటున్నాడు. ఆమె తర్వాత అవి తనవేనని అతని లెక్క. కడుపున పుట్టిన కూతురు బతికే ఉందంటే లెక్క మారిపోతుంది. దత్తు పోయిన బిడ్డకు హక్కు ఉంటుందా ఉండదా అన్నది కోర్టు తేల్చాలి. కోర్టు తేల్చేసరికి గంగారాం ముసలివాడవుతాడు.

"గంత దూరం నుంచి అమ్మను చూడనీకె వచ్చిందా రైటర్ సాబ్?" అన్నాడు గంగారాం.

"అమ్మను చూడనీకె ఎవలైన సముద్రాలు దాటి వస్తరా? భూమి కోసమే," అన్నాను. నిజంగా అలాగే నమ్మాను. నా బల్ల ముందుకు ఎవరూ ప్రేమతో రాగా నేను చూడలేదు.

ఆ మర్నాటి నుంచి ఆమె రోజూ పొద్దున్నే వచ్చి నా బల్ల పక్కనున్న బెంచీ మీద కూర్చునేది. పది దాటేదాకా ఒక్క మాట మాట్లాడేది కాదు. నమస్తే అంటే చేతులు జోడించేది, పెదవి కదిపేది కాదు. స్టీలు ఫ్లాస్కులో గోరువెచ్చని నీళ్లు, అవే గుక్కెడు గుక్కెడు. తన గొంతు పదింటికి గానీ నిద్ర లేవదని గఫార్ చేత చెప్పించింది. కూర్చోవడంలో కూడా ఏదో పద్ధతి. వెన్ను నిటారుగా, చేతులు ఒళ్లో, కాళ్లు రెండూ నేల మీద. అటూ ఇటూ కదలదు, గడియారం చూడదు, ఫోన్ తీయదు. పని కోసం వచ్చి కూర్చున్న జనాన్ని నేను వేలమందిని చూశాను. గంట గడిస్తే గోళ్లు కొరుకుతారు, రెండు గంటలకు తిడతారు. ఈమె ఎదురుచూస్తున్నట్టే ఉండదు. అంత ఓపిక ఎక్కడ నేర్చుకుందో అడగమన్నాను.

కచేరీలోనే అంది. వాళ్ల దేశంలో ఈస్టరు పండుగకు ముందు ఊరూరా చర్చిలలో రెండు మూడు గంటలు సాగే పెద్ద సంగీతం ఒకటి జరుగుతుందట. అందులో ఆమెకు వచ్చేవి మూడు నాలుగు పాటలే. మిగిలిన సమయమంతా వందలమంది ఎదుట కుర్చీలో కూర్చోవాలి. దగ్గకూడదు, నిద్రముఖం పెట్టకూడదు, తన పాట కోసం కాచుకున్నట్టు కనిపించకూడదు. అరగంట నోరు మూసుకుని కూర్చుని, చటుక్కున లేచి, మొదటి స్వరం తప్పకుండా పట్టాలి. "నాకు పాడినందుకు పేరొచ్చింది గానీ నేను ఎక్కువ చేసిన పని కూర్చోవడమే" అని ఆమె నవ్వింది.

పదింటి తర్వాత ఇలాంటివే చెప్పేది. జీవితం మొదటి నుంచి వరసగా చెప్పిందేమీ లేదు. పెంచిన తండ్రికి రొట్టెల బట్టీ ఉండేదట, తెల్లవారుజామున పిండి పిసుకుతూ పాడేవాడట. స్వరం తప్పు పాడేవాడు, అది విని విని తనకు సరైన స్వరం తెలిసిందట. సంగీత పాఠశాలలో చేరాక ఆమెది లోతైన గొంతన్నారు. ఆడవాళ్ల గొంతుల్లో అన్నిటికన్నా కింద ఉండే రకం. పేరొచ్చాక పత్రికలవాళ్లు ప్రతిసారీ రాసేవాళ్లట, ఈ నల్లని, వెచ్చని గొంతు తూర్పు దేశాల నుంచి వచ్చింది అని. ఇంటర్వ్యూకు వచ్చిన ప్రతివాడూ మీ గొంతు ఎక్కడిది అని అడిగేవాడట. ఆమె విసుగుతో, "గురువారం సాధనది" అనేదట. గురువారాలు ఆమె పొద్దంతా సాధన చేసేది.

"మరి గీడ ఒక్క పాటన్న పాడమను," అన్నాను గఫార్‌తో.

పాడనంది. గొంతుకు సెలవిచ్చానంది. పాటగత్తెనని చెప్పుకుంటుంది, పాట పాడదు. నా అనుమానం ఇంకా బలపడింది.

ఆమెకు తెలుగు వచ్చో రాదో పట్టుకోవాలని ఒకరోజు పన్నాగం పన్నాను. గఫార్ వైపు తిరిగి, నవ్వుముఖం పెట్టి, మామూలు సంగతి చెప్తున్నట్టుగా, "గీమె పెద్ద దొంగ లెక్కున్నది భాయ్, కండ్లు చూడు," అన్నాను. అంటూ ఓరకంట ఆమె ముఖం చూశాను. అర్థమైతే ఎక్కడో ఒక కండరం కదలాలి. ఏమీ కదల్లేదు. ఆమె కళ్లు మూసుకుంది. సంచిలోంచి చిన్న నోటుబుక్కు తీసి ఏవో గీతలు గీసుకుంది. ఆ తర్వాత నా వైపు తిరిగి అన్నది:

"గీమె పెద్ద దొంగ లెక్కున్నది భాయ్, కండ్లు చూడు."

మాట తప్పలేదు. అంతకన్నా, నా స్వరం తప్పలేదు. 'పెద్ద' దగ్గర నేను పెట్టిన తీపి, 'కండ్లు' దగ్గరి వెటకారం, చివర్లో గొంతు తగ్గించి ముక్కుతో తీసిన దీర్ఘం. అన్నీ ఉన్నాయి. నా ఎదురుగా నేనే కూర్చుని మాట్లాడుతున్నట్టు ఉంది. నలభై ఏళ్లుగా జనం నా నోట వింటున్నది ఇదా అనిపించింది. నాకు సిగ్గేసింది, ఆ సిగ్గుకు ఆమె మీదే కోపమొచ్చింది.

"అర్థం ఏమిటని అడుగుతున్నది," అన్నాడు గఫార్, తల దించుకుని.

"నువ్వే ఏదన్న చెప్పు."

'మీరు పెద్ద కళాకారిణి, కళ్లలోనే తెలుస్తోంది' అని చెప్పాడట. ఆమె నాకు రెండు చేతులూ జోడించింది.

అలా వారం పైన గడిచింది. గంగారాం తొందరపెడుతున్నాడు. ఎవరో ఒకరు అవ్వకు చెప్పకముందే ఈమెతో ఒక కాగితం రాయించుకోవాలి. హక్కు విడుదల దస్తావేజు రాశాను. మా దస్తావేజుల భాష మీరు చూసే ఉంటారు. మొదలుపెడితే చివరిదాకా ఒకటే వాక్యం. "సదరు భూమియందు నాకు గల సమస్త హక్కు భుక్తములను నా రాజీఖుషీతో, ఎవరి బలవంతము లేకుండా వదులుకొని, ఇక ముందు నేను గాని నా వారసులు గాని ఎట్టి తగాదా చేయము, చేసినను చెల్లనేరదు" అని సాగుతుంది. ఆ కాగితానికి కోర్టులో ఎంత విలువో నాకు తెలుసు. బయటి దేశపు మనిషి, రిజిస్ట్రేషన్ లేదు, పెద్దగా నిలవదు. అందుకే నా సర్వీసులో ఎన్నడూ రాయని ఒక ముక్క చివర్లో చేర్చాను. ఫలానా వారి సంతానమని నోటిమాటగా గాని రాతమూలకంగా గాని ఎవరి ముందూ ప్రకటించను, అని. హక్కు వదిలినా చుట్టరికం మిగిలితే రేపు మళ్లీ హక్కు పుట్టుకొస్తుంది. ముందు చుట్టరికాన్నే తుంచాలి. దానికి నేను ఆ రోజు గర్వపడ్డాను కూడా.

ఇది సంతకం చేస్తే అవ్వను చూపిస్తామని గఫార్‌తో చెప్పించాను. అవ్వ బతికే ఉందని ఆమెకు తెలిసింది అప్పుడే.  తర్వాత కాగితం చేతిలోకి తీసుకుంది. గఫార్‌ను మెల్లగా చదవమంది. అతను చదువుతుంటే పెన్సిల్‌తో పక్కన తన గీతలు గీసుకుంది. ఆపైన తనే చదివింది, నా దస్తావేజును, పైకి, స్పష్టంగా. సగంలో ఆగి ఏదో అడిగింది.

"ఇంత పొడుగు వాక్యంల ఊపిరి ఎక్కడ తీసుకుంటరు అంటున్నది," అన్నాడు గఫార్.

"తీసుకోనీకె జాగ ఇస్తే అండ్లకెళ్లే దూరుతరు," అన్నాను. నా పనిలో అది నిజం. ఆగినచోటే వకీలు వేలు పెడతాడు.

అది అతను అనువదించాడో లేదో తెలియదు. ఆమె నా వాక్యం మీద అక్కడక్కడా చిన్న చిన్న కొక్కేల వంటి గుర్తులు పెట్టింది. పాట కాగితాల మీద ఊపిరి పీల్చే చోట పెట్టే గుర్తులట అవి. ఆ గుర్తుల ప్రకారం మళ్లీ చదివింది. నా రాత అంత బాగా ఉంటుందని నాకే తెలియదు. బెంచీల మీది పై ఊళ్ల జనం మాటలాపి విన్నారు. ఆమె ఏం వదులుకుంటోందో ఆమె నోటితోనే విన్నారు.

భూమి గురించిన భాగానికి గఫార్ అర్థం చెప్పగానే, "ఇది నిజమే, నాకేం వద్దు" అంది. చివరి ముక్క దగ్గర ఆగింది.

"ఎవల ముందటనైనా అంటే, అమ్మ ముందట కూడానా అని అడుగుతున్నది."

"అవ్ను," అన్నాను.

ఆమె తెలుగులో నేర్చుకొచ్చిన పది వాక్యాల్లో తొమ్మిది దారి అడగడానికీ నీళ్లు అడగడానికీ పనికొచ్చేవి. పదోది ఏమిటో గఫార్‌కు తెలుసు, ఆ రోజే నాకూ చెప్పాడు. 'అమ్మా, నేను నీ బిడ్డను.' ఆ నర్సు చెప్పగా విని, తప్పు పోకూడదని ఏడాది పాటు రోజూ పలికిందట. గఫార్ నన్ను బతిమాలాడు. "గా ఒక్క మాట అననియ్యి సాబ్. భూమి వద్దంటున్నది కద." నేను ఒప్పుకోలేదు. భూమి వద్దని అంత సులువుగా అన్న మనిషిని నేను అంతవరకు చూడలేదు, అందుకే ఇంకా భయమేసింది. ఇందులో ఇంకేదో ఉందనుకున్నాను.

ఆమె ఫ్లాస్కు మూత తీసింది, తాగలేదు, మళ్లీ పెట్టేసింది. సంతకం చేసింది.

మర్నాడు మధ్యాహ్నం ఆటోలో వెళ్లాం. నేనూ, గఫార్, ఆమె. అవ్వకు గంగారాం ముందే చెప్పి ఉంచాడు, బయటి దేశం నుంచి పాటలు పాడే ఆమె ఊళ్లు చూస్తూ వస్తోందని. అవ్వ పంచలో మంచం మీద కూర్చుని చింతపండు గింజలు తీస్తోంది. డెబ్బై దాటిన మనిషి. అదే నుదురు, అదే గడ్డం. ఇద్దరినీ పక్కపక్కన చూసి గఫార్ ముఖం తిప్పుకున్నాడు.

పాట మేడం ఎదురుగా పీట మీద కూర్చుంది, అదే పద్ధతిలో, వెన్ను నిటారుగా. అవ్వ చేతులు తుడుచుకుని ఆమెను తేరిపార చూసింది. మా దగ్గర కొత్త మనిషి ఇంటికొస్తే మొదట అడిగే మాటే అడిగింది.

"ఎవల బిడ్డవు బిడ్డా?"

ఆ మాటలో 'బిడ్డ' ఆమెకు తెలుసు. ఒక్కసారిగా ఊపిరి తీసుకుంది, ఛాతీ పైకి లేవడం చూశాను. పాడబోయే ముందు అలా తీసుకుంటారేమో. ఆమె నా వైపు చూసింది. నేను తల అడ్డంగా ఊపాను. ఇప్పటికీ ఆ ఊపుడు నా మెడలో ఉంది.

"బయటి దేశమామె అవ్వా. మన మాట రాదు," అన్నాను.

"రాకుంటేంది, అమ్మ, అయ్య లేరా గామెకు?" అంది అవ్వ. చింతపండు పక్కకు జరిపి, "పాటలు పాడుతదంటిరి. పాడుమను ఒకటి," అంది.

గఫార్ చెప్పకముందే ఆమె లేచి నిలబడింది. మెడకు చుట్టుకున్న గుడ్డ విప్పి పీట మీద పెట్టింది. చేతులు పక్కన వదిలేసి, చాలాసేపు ఊరికే నిలబడింది. తర్వాత పాడింది. ఏ భాషో నాకు తెలియదు. పాట అంత కిందినుంచి మొదలవుతుందని నేను అనుకోలేదు. అరుపు లేదు, చేతులూపడం లేదు. ఇంటి ముందు నుంచి పోతున్నవాళ్లు ఆగారు. మధ్యలో ఒకచోట గొంతు పట్టేసింది, ఆమె ఆగి, దాన్ని దాటి, మళ్లీ అందుకుంది. మొత్తం మూడు నాలుగు నిమిషాలు. 

పాట అయ్యాక అవ్వే ముందుగా మాట్లాడింది. "ఆడామెకు గింత లావు గొంతు. మా అవ్వకు గిట్లనే ఉండె. నాట్లేస్తె మూడు పొలాల అవుతలికి వినొస్తుండె."

గఫార్ నోరు తెరిచాడు. నేను అతని చేయి పట్టుకుని నొక్కాను. అది నేనే చేశాను, ఎవరూ చేయించలేదు. పోలికలు మాటల్లో పడితే సాక్ష్యమవుతాయి. నా బుర్రలో ఆ క్షణాన ఉన్నది అదే.

తిరిగి వస్తుంటే ఆటోలో ఆమె అడిగింది, అమ్మ ఏమంది అని. గఫార్ నన్ను చూసి, "బాగా పాడారంది" అని చెప్పాడు. ఆ గొంతు ఎక్కడిదని ముప్పై ఏళ్లు జనం అడిగిన ప్రశ్నకు జవాబు ఆమె చెవిన పడింది, అర్థం మాత్రం నా చేతిలో ఆగిపోయింది. రెండు రోజుల తర్వాత ఆమె హైదరాబాద్ బస్సెక్కి వెళ్లిపోయింది. మూడేళ్లు ఏ నోటీసూ రాలేదు, ఏ వకీలూ రాలేదు. రాకపోవడం కూడా ఏదో ఎత్తే అని మొదటి ఏడాదంతా అనుకున్నాను.

పియానో ఆయన పంపిన ఆ నాలుగు వాక్యాల్లో చివరిది ఇంకా మిగిలి ఉంది. జబ్బు గొంతులో బయటపడ్డాకే ఆమె ఇండియాకు బయల్దేరిందట. అక్కడి నుంచి తిరిగొచ్చాక ఎన్నడూ పాడలేదట. గఫార్ ఆ వాక్యం చదివి ఫోన్ జేబులో పెట్టుకున్నాడు. "గా అవ్వ ముందట పాడిందే ఆఖరి పాట సాబ్," అన్నాడు. నేను ఆ పూట ఇంకే కాగితం ముట్టుకోలేకపోయాను.

ఈ పొద్దున బస్సెక్కి అవ్వ దగ్గరికి పోయాను. గంగారాం బిచ్కుందకు పోయాడట, ఇంట్లో లేడు. మంచం పక్కన కూర్చుని మొత్తం చెప్పేశాను. దవాఖాన, రిజిస్టరు, హాలండ్, పాట. చెప్తుంటే నా గొంతు నాకే కొత్తగా ఉంది.

అవ్వ కదలకుండా విన్నది.

"నా బిడ్డ పుట్టంగనే పోయింది. మా అన్న చెప్పిండు," అంది.

"మీ అన్న అబద్ధం చెప్పిండు అవ్వా. గామెనే నీ బిడ్డ. నేను కాగితం చూసిన."

"ఎప్పుడు చూసినవు?"

"గప్పుడే. ఈడికి తోలుకొని రాకముందే."

అవ్వ చాలాసేపు నన్ను చూసింది. ఆ చూపు నాకు తెలుసు. నా బల్ల వెనక నుంచి నేను రోజూ జనాన్ని చూసే చూపు.

"బతికి నా ముందట కూసున్ననాడు ఎవలో బయటామె అంటివి. సచ్చినంక నా బిడ్డ అంటున్నవు," అంది. "ఇప్పుడు ఏం రాపిద్దామని వచ్చినవు?"

ఏం లేదు అవ్వా, ఒట్టి ముచ్చట చెప్పడానికే వచ్చాను అన్నాను. ఆమె నా సంచి వైపు చూస్తోంది. ఆ ఇంటికి నేను ఎప్పుడు వచ్చినా ఆ సంచిలో ఏదో ఒక కాగితం, వేలిముద్రల సిరా ప్యాడు ఉండేవి. ఎన్నిసార్లు ఆమె వేలిముద్ర తీసుకున్నానో లెక్క లేదు, ఒక్కసారైనా అందులో ఏం రాసి ఉందో ఆమె అడగలేదు, నేను చెప్పలేదు. సంచి మంచం మీద బోర్లించాను. కళ్లద్దాల పెట్టె, మాత్రల చీటీ, బస్సు టికెట్టు. అంతే ఉన్నాయి.

అవ్వ వాటిని ఒక్కొక్కటిగా చూసింది. కుడిచేతి బొటనవేలిని లోపలికి మడిచి, పిడికిలి బిగించి, కొంగు కింద దాచుకుంది.